పువ్వు దొంగ



ఈ పూట నేను చెప్పబోయే మనిషి నటించిన ఒక సినిమా పేరును తెలుగులో చెప్పమంటే నాకు నోరు రాదు. రేడియో కదా, ఇంట్లో పెద్దవాళ్ళు, పిల్లలు అందరూ వింటుంటారు. ఇంగ్లిషులో దాని పేరు ‘టేలర్ మీడ్స్ యాస్’. టేలర్ మీడ్ అన్నది నటుడి పేరు. ఆ చివరి మాటకు అర్థం, మనిషి పీట మీద ఆనించి కూర్చునే భాగం. సినిమా నిడివి 76 నిమిషాలు. మాట లేదు, పాట లేదు, కథ అసలే లేదు. పేరులో ఏది ఉందో తెర మీద అదే ఉంటుంది.

దాని వెనక ఒక చిన్న తగాదా ఉంది. వెనక అన్నందుకు క్షమించాలి, మాట అలా దొర్లింది.

1964లో సంగతి. న్యూయార్క్‌లో విలేజ్ వాయిస్ అని ఒక వారపత్రిక. హాలీవుడ్‌తో సంబంధం లేకుండా, చేబదులు డబ్బుతో, చేతి కెమెరాలతో కుర్రాళ్ళు తీస్తున్న సినిమాలను ఆ పత్రికలో తెగ మెచ్చుకునేవారు. అది చూసి ఒళ్ళు మండిన ఒక సినిమా దర్శకుడు పత్రికకు ఉత్తరం రాశాడు. టేలర్ మీడ్ వెనకభాగాన్ని రెండేసి గంటలు చూపించేవి కూడా సినిమాలేనా అని దులిపేశాడు. ఇలాంటి మాట పడితే మనమైతే ఏం చేస్తాం? ఎదురు తిడతాం, లేదా నాలుగు రోజులు మొహం చాటేస్తాం. మీడ్ తాపీగా జవాబు రాశాడు. మా దగ్గరున్న రీళ్ళన్నీ గాలించాం, తమరు చెప్పిన సినిమా ఒక్కటీ దొరకలేదు, ఈ లోటు త్వరలో తీరుస్తాం అని దాని సారాంశం. చిత్రకారుడు ఆండీ వార్హోల్ కెమెరా పెట్టాడు. లోటు తీరింది.

ఆ 76 నిమిషాలూ కదలకుండా కూర్చుని చూశానని మీతో అబద్ధం చెప్పను. ముక్కలు ముక్కలుగా చూశాను. కానీ ఒక విషయం ఒప్పుకోవాలి. మనిషి మొహం సరిగా కనబడదు. అయినా నవ్వు వస్తుంది. గారడీవాడి సంచిలోకి పోయినట్టు నోట్లు, పత్రికలు, పుస్తకాలు ఒక్కొక్కటే అటు మాయమైపోతున్నట్టు నటిస్తాడు. వీపు తిప్పుకొని నిలబడ్డ మనిషి ఎదుటివాళ్ళను అంతసేపు నవ్వించాలంటే ఒంట్లో ప్రతి ఎముకా నటించాలి. ఇదేం వేషమని విసుక్కుంటూనే, వీడు మామూలోడు కాడని కూడా అనిపిస్తుంది.

ఎవరీ టేలర్ మీడ్? అమెరికాలోనే చాలామంది పేరు విని ఉండరు. మన దగ్గర చెప్పనే అక్కర్లేదు.

1924 డిసెంబరు 31న పుట్టాడు. మిషిగన్ రాష్ట్రంలో డెట్రాయిట్ పక్కన గ్రోస్ పాయింట్ అని ఒక ఊరు. కార్ల కంపెనీల డబ్బంతా సరస్సు ఒడ్డున మేడలుగా లేచిన చోటు అది. తండ్రి డెమోక్రాటిక్ పార్టీలో పలుకుబడి ఉన్న మనిషి. కొడుకును డెట్రాయిట్‌లో పేరున్న షేర్ల కంపెనీలో ఉద్యోగానికి పెట్టారు. సూటు, టై, నెల జీతం, పెద్దింటి పేరు. అలాంటి కుర్రాడికి మన ఊళ్ళలో అయితే సంబంధాలు క్యూ కట్టేవి. అతను ఆ ఉద్యోగం వదిలేశాడు. రోడ్డు పక్కన నిలబడి బొటనవేలు చూపించి, ఆగిన కారు ఎక్కి, అది ఎక్కడిదాకా పోతే అక్కడిదాకా పోవడం మొదలుపెట్టాడు. కెరువాక్ నవల ‘ఆన్ ద రోడ్’, గిన్స్‌బర్గ్ కవిత ‘హౌల్’ అప్పట్లో ఎందరో కుర్రాళ్ళను ఇంట్లోంచి లేవదీశాయి. మీడ్ మరీ కుర్రాడేం కాదు, ముప్పై దాటిన మనిషి. అయినా లేచిపోయాడు.

తెలుగులో ఇలాంటి మనిషికి పేర్లు తక్కువేం లేవు. జులాయి, బేవార్సు, బలాదూరుగా తిరిగేవాడు, ఏ పనీ పాటూ లేనివాడు. ఒక్కటీ మెచ్చుకుని అనే మాట కాదు. తిరగడమే పనిగా పెట్టుకున్నవాడికి మన భాషలో మర్యాద దక్కాలంటే కాషాయం కట్టాలి. మీడ్ కాషాయం కట్టలేదు. శాన్‌ఫ్రాన్సిస్కో చేరి, నార్త్ బీచ్ పేటలో, బార్లలోనూ కాఫీ హోటళ్ళలోనూ తాగుబోతుల గోలకు పైన తన కవితలు అరిచి చదవడం మొదలుపెట్టాడు. అక్కడ రాన్ రైస్ అనే కుర్రాడు అతన్ని చూశాడు.

రాన్ రైస్‌కు అప్పుడు పాతికేళ్ళు. చేతిలో పైసా లేదు. సినిమా తియ్యాలన్న పిచ్చి మాత్రం నిండుగా ఉంది. ఫిల్ముకు డబ్బెక్కడిది? రెండో ప్రపంచయుద్ధంలో విమానాల మీద తుపాకులతో పాటు చిన్న కెమెరాలు బిగించేవారు. గుండు తగిలిందో లేదో తర్వాత చూసుకోవడానికి. ఆ కెమెరాల కోసం తయారైన 16 ఎం.ఎం. ఫిల్ము, 50 అడుగుల పెట్టెల్లో, యుద్ధం అయ్యాక మిగిలిపోయింది. అలాంటి పాత సరుకుతో రైస్ తన సినిమా తీశాడు. 16 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకు 40 బొమ్మలు. 50 అడుగులంటే 2,000 బొమ్మలు. సెకనుకు 24 బొమ్మల లెక్కన, నిమిషం ఇరవై మూడు సెకన్లలో పెట్టె ఖాళీ.

ఈ లెక్క చెప్పి మిమ్మల్ని విసిగించడం నా ఉద్దేశం కాదు. ఆ నటన ఎందుకలా ఉందో ఈ లెక్కలోనే ఉంది. రీలు ఎప్పుడు అయిపోతుందో నటుడికి తెలియదు. రిహార్సల్ లేదు, రెండో టేకు లేదు, మాట రికార్డు చేసే సరంజామా లేదు. కెమెరా గిర్రుమన్నంతసేపు ఏదో ఒకటి చెయ్యాలి. ఏం చెయ్యాలో చెప్పేవాడు లేడు. పైగా శత్రు విమానాన్ని గురిచూడటం కోసం పుట్టిన ఆ ఫిల్ము మీద, చివరికి చేతిలో టెడ్డీబేర్ పట్టుకున్న ఒక బక్కపలచటి మనిషి పడ్డాడు.

ఆ సినిమా పేరు ‘ద ఫ్లవర్ థీఫ్’. పువ్వు దొంగ. 1960లో తీశారు. గంటకు పైగా నడుస్తుంది. కథేమిటని అడిగితే, ఒకడు పువ్వు దొంగిలిస్తాడు, బొమ్మ ఎలుగుబంటిని చంకన పెట్టుకుని శాన్‌ఫ్రాన్సిస్కో ఎత్తుపల్లాల వీధుల్లో తిరుగుతాడు. ఒక పాడుబడ్డ పవర్‌హౌస్ అతని కొంప. ఇవో జిమా దీవిలో అమెరికా సైనికులు జెండా ఎత్తిన ప్రసిద్ధ ఫొటో ఉంది కదా, ఒకచోట అతనితో తిరిగే పోకిరీ మూక ఆ ఫొటోను వెక్కిరిస్తూ తామూ జెండా ఎత్తుతారు. యుద్ధం ముగిసి పదిహేనేళ్ళే అయింది. యుద్ధం మిగిల్చిన ఫిల్ము మీదే ఆ వెక్కిరింత. అది వాళ్ళు కావాలని చేశారో, అలా కలిసొచ్చిందో గానీ నాకు మాత్రం ఆ సినిమాలో అన్నిటికంటే గట్టి దెబ్బ అదే అనిపిస్తుంది.

ఇప్పుడు అతని మొహం గురించి చెప్పాలి. రేడియోలో మొహం గురించి చెప్పడం, ఫోన్లో రంగు చూపించడం లాంటిది. ప్రయత్నిస్తాను. సన్నటి మొహం. ఒక కంటిరెప్ప వాలిపోయి ఉంటుంది, సగం నిద్రలో ఉన్నట్టు. రెండో కన్ను మాత్రం పూర్తిగా మేలుకుని ఉంటుంది. అందువల్ల మొహంలో ఎడంపక్క ఒక మనిషి, కుడిపక్క ఇంకో మనిషి ఉన్నట్టనిపిస్తుంది. నడక, నేల కాస్త మెత్తగా ఉందేమో అని అనుమానపడేవాడి నడక. చేతులు ఎప్పుడూ ఏదో ఒకదాన్ని తడుముతుంటాయి. గోడను, పువ్వును, తన చెవిని.

అతన్ని చాప్లిన్‌తో పోల్చినవాళ్ళున్నారు. నేను అంతగా ఒప్పుకోను. చాప్లిన్‌కు ఆకలి ఉంటుంది, ఉద్యోగం కావాలి, అమ్మాయి కావాలి, పోలీసు నుంచి తప్పించుకోవాలి. అతను లోకంలోకి రావడానికి తంటాలు పడుతుంటాడు. మీడ్‌కు లోకంలో పనేమీ లేదు. నాకు గుర్తొచ్చేది తోలుబొమ్మలాటలో కేతిగాడు. తెర మీద రామాయణం నడుస్తుంటుంది. నడిరాత్రి దాటాక జనం కునికిపాట్లు పడుతుంటే, దీపంలో చమురు పొయ్యాల్సి వస్తే, కేతిగాడు ఊడిపడతాడు. కథతో సంబంధం ఉండదు, బూతులకు భయం ఉండదు. నిద్రపోయిన పిల్లలు లేచి కూర్చుంటారు. కాసేపటికి రాముడో హనుమంతుడో రాగానే వీడు తప్పుకోవాలి. ‘ఫ్లవర్ థీఫ్’ ఎలా ఉంటుందంటే, ఆ రాత్రి రాముడు రాలేదు, రావణుడూ రాలేదు, తెల్లవార్లూ కేతిగాడే ఆడాడు.

రాన్ రైస్‌కు కూడా ఇలాంటి ఊహే ఉండేదని తర్వాత తెలిసి ఆశ్చర్యపోయాను. పాత హాలీవుడ్‌లో రచయితకూ దర్శకుడికీ ఇక ఏమీ తోచనప్పుడు, అప్పటికప్పుడు ఏదో పిచ్చి పని పుట్టించడానికి సెట్లో ఒక మనిషిని ఉంచేవారట. వైల్డ్ మ్యాన్ అనేవారట అతన్ని. ఎవరికీ పేరు తెలియకుండా చచ్చిపోయిన ఆ మనుషులందరికీ తన సినిమా అంకితం అని రైస్ రాసుకున్నాడు.

ఈ సినిమాలు ఎవరు చూసేవారని మీరు అడగొచ్చు. న్యూయార్క్‌లో అవెన్యూ బి మీద చార్లెస్ అని ఒక పాత హాలు. అక్కడ అప్పుడప్పుడు ఎవరు తీసిన సినిమా వాళ్ళు తెచ్చుకుని వేసుకునే రాత్రులుండేవి. సినిమా డబ్బా చంకలో ఉంటే టికెట్టు అక్కర్లేదు. బాగుంటే చప్పట్లు, లేకపోతే కూతలు. జోనస్ మెకాస్ అని లిథువేనియా నుంచి యుద్ధంలో చెల్లాచెదురై వచ్చిన కవి, విలేజ్ వాయిస్‌లో సినిమా శీర్షిక రాసేవాడు. 1962లో ఆయనా, మరికొందరూ కలిసి ఫిల్మ్ మేకర్స్ కోఆపరేటివ్ పెట్టారు. సహకార సంఘమన్నమాట. ఎవరు సినిమా తెచ్చిచ్చినా కాదనరు, మంచిదా చెడ్డదా అని తూకం వెయ్యరు, అద్దెకు పోతే ఎక్కువ భాగం తీసినవాడికే. ఆ ఏడాదే చార్లెస్‌లో ‘ఫ్లవర్ థీఫ్’ ఆడింది. మెకాస్ మెచ్చుకుంటూ రాశాడు. అండర్‌గ్రౌండ్ సినిమాకు మొదటి స్టార్ ఎవరంటే మీడ్ పేరే చెప్పేవాళ్ళు తర్వాత చాలామంది వచ్చారు. అండర్‌గ్రౌండ్‌లో స్టార్ అంటే, పక్క వీధిలోకి వెళ్తే ఎవరూ గుర్తుపట్టని స్టార్.

మెచ్చుకోలు ఒకవైపు, పోలీసులు ఇంకోవైపు. 1964 మార్చిలో జాక్ స్మిత్ తీసిన ‘ఫ్లేమింగ్ క్రీచర్స్’ అశ్లీలమని, అది ఆడిస్తున్నందుకు మెకాస్‌ను అరెస్టు చేశారు, కేసు నడిచింది, శిక్ష కూడా పడింది, అయితే అమలు కాలేదు. హాలు ముందు పోలీసు వ్యాన్ ఆగినప్పుడు చూసేవాళ్ళు తమ సీట్లలోంచి లేచేవారా, రీలు పూర్తయ్యేదాకా కూర్చునేవారా అని నాకెప్పుడూ అనిపిస్తుంది.

ఇక్కడ మీకు తెలిసిన ఒక పేరు వస్తుంది. ‘ఐరన్ మ్యాన్’ చూశారు కదా, లేకపోతే మీ ఇంట్లో పిల్లలైనా చూసి ఉంటారు. అందులో హీరో రాబర్ట్ డౌనీ జూనియర్. జూనియర్ ఉన్నాడంటే సీనియర్ ఉండాలి కదా. ఆ తండ్రి డౌనీ కూడా ఈ చిల్లర డబ్బుల సినిమా గుంపులోవాడే. 1964లో వచ్చిన అతని ‘బాబో 73’లో మీడ్ ఏకంగా దేశాధ్యక్షుడు. దేశం పేరు కాస్త మార్చి యునైటెడ్ స్టేటస్ అని పెట్టారు. షూటింగు కోసం వాషింగ్టన్ వెళ్ళి, వైట్‌హౌస్ బయట పర్మిషన్ గిర్మిషన్ ఏమీ లేకుండా కెమెరా తీసి పరుగులు పెట్టారు. కెన్నెడీ అప్పుడు యూరప్‌లో ఉన్నందువల్ల కాపలా అంత గట్టిగా లేదని డౌనీ తర్వాత చెప్పుకున్నాడు. కొడుకు సినిమాలో ఒక్క నిమిషానికి అయ్యే ఖర్చుతో తండ్రి ఇలాంటివి ఎన్ని తీసి ఉండేవాడో మీరే ఊహించుకోండి.

మీడ్ నటనకు బయటి ప్రపంచం ఒక బహుమతి కూడా ఇచ్చింది. ఫ్రాంక్ ఓ’హారా అనే కవి రాసిన నాటకంలో జనరల్ వేషం. యుద్ధాలు అయిపోయాక, అమెరికా జనరల్ మెకార్థర్‌ను తలపించే ఒక సేనాని పాత యుద్ధభూములన్నీ తిరిగొస్తాడు. చెయ్యడానికి పనేమీ ఉండదు. పనిలేనివాడి వేషం మీడ్‌కు కాక ఎవరికిస్తారు? దానికి ఓబీ అవార్డు వచ్చింది. న్యూయార్క్‌లో బ్రాడ్వే బయటి నాటకాలకు అది పెద్ద గౌరవం. సూసన్ సాంటాగ్ అంతటి రచయిత్రి అతని నటన మీద రాసింది.

వార్హోల్ దగ్గరికి వద్దాం. 1963 సెప్టెంబరు చివర్లో, లాస్ ఏంజిలిస్‌లో వార్హోల్ బొమ్మల ప్రదర్శన ఉంది. నలుగురు ఒక ఫోర్డ్ స్టేషన్ వ్యాగన్‌లో న్యూయార్క్ నుంచి బయల్దేరారు. వెనక పరుపు వేసుకుని వార్హోల్, అతని సహాయకుడు జెరార్డ్ మలంగా. ముందు చిత్రకారుడు విన్ చాంబర్లెయిన్, టేలర్ మీడ్. నలుగురిలో బండి నడపడం వచ్చినవాళ్ళు ఆ ముందున్న ఇద్దరే. అక్కడికి వెళ్ళాక వార్హోల్ కొత్తగా కొన్న కెమెరాతో మీడ్‌ను టార్జాన్‌ను చేసేశాడు. టార్జాన్ అంటే మీ కళ్ళముందు ఎవరు మెదిలారో నాకు తెలుసు. కండలు, ఛాతీ, తీగ పట్టుకుని ఊగడం. ఈ టార్జాన్ పక్కటెముకలు లెక్కపెట్టుకోవచ్చు. కొబ్బరిచెట్టు ఎక్కాల్సి వచ్చినప్పుడు టార్జాన్ బదులు డెన్నిస్ హాపర్ ఎక్కాడు. అవును, కొన్నేళ్ళ తర్వాత ‘ఈజీ రైడర్’ తీసిన హాపరే. వీరుడికి డూప్‌గా వచ్చినవాడు వీరుడికంటే పెద్ద స్టార్ కావడం సినిమా చరిత్రలో ఎన్నిసార్లు జరిగి ఉంటుంది? ఆ సినిమా కూర్పు, మీద మాటలు అతికించడం కూడా మీడే చేశాడు.

వార్హోల్ చుట్టూ ఉన్నవాళ్ళను సూపర్‌స్టార్లు అనేవారు. బిరుదు పెద్దది, జీతం లేదు. వార్హోల్ బొమ్మల ధరలు చూస్తుండగానే ఆకాశాన్నంటాయి, తెర మీద అతని కోసం బట్టలూ సిగ్గూ విప్పినవాళ్ళ జేబుల్లో ఏమీ మిగల్లేదు. మీడ్ ఈ కడుపుమంట ఎన్నడూ దాచుకోలేదు, బతికినన్నాళ్ళూ తిట్టాడు. తిడుతూనే పిలిచినప్పుడల్లా వెళ్ళాడు. నాటక సమాజాల వాళ్ళను అడగండి, కాంట్రాక్టర్‌ను తిట్టని నటుడూ లేడు, పిలిస్తే వెళ్ళనివాడూ లేడు.

1968 జనవరిలో అరిజోనాలో ‘లోన్సమ్ కౌబాయ్స్’ తీశారు. వెస్టర్న్ సినిమాల కోసం కట్టిన సెట్టు వీధుల్లో ఈ గుంపు చేస్తున్న ఆగం చూసి సందర్శకులు ఫిర్యాదు చేశారు. చివరికి ఎఫ్.బి.ఐ. ఆ సినిమా మీద ఫైలు తెరిచింది. ఆ ఏడాది మే నెలలో కాలిఫోర్నియా తీరాన ‘శాన్ డియాగో సర్ఫ్’ తీశారు. న్యూయార్క్ తిరిగొచ్చాక, జూన్ 3న వార్హోల్ మీద కాల్పులు జరిగాయి. సినిమా అటకెక్కింది. అది జనం ముందుకు రావడానికి 2012 దాకా పట్టింది. నలభై మూడేళ్ళ వయసులో సముద్రపు ఒడ్డున గెంతిన మనిషి, ఆ గెంతులు తెర మీదికొచ్చేసరికి ఎనభై ఏడేళ్ళ వృద్ధుడు.

అతను స్వలింగ ప్రేమికుడు. ఆ సంగతి ఎక్కడా దాచలేదు, కవితల్లో గానీ తెర మీద గానీ. న్యూయార్క్‌లో స్టోన్‌వాల్ అనే బార్ మీద పోలీసులు దాడి చేస్తే స్వలింగ ప్రేమికులు ఎదురుతిరిగిన గొడవ జరిగింది 1969లో. మీడ్ అంతకు పదేళ్ళ ముందే, పోలీసులు బార్ల మీద దాడులు చేసే రోజుల్లోనే, నేనింతే అన్నట్టు వీధిలో తిరిగాడు. మన సుప్రీంకోర్టు ఇది నేరం కాదని చెప్పింది 2018లో కాబట్టి, ఆ పదేళ్ళ బరువెంతో మనం కాస్త ఊహించగలం. అయితే అతని సినిమాల్లో ఉపన్యాసం ఉండదు, నినాదం ఉండదు. మగతనం అంటే ఇలా ఉండాలి అని హాలీవుడ్ కండలతో కట్టిన టార్జాన్‌కు, కౌబాయ్‌కు, అధ్యక్షుడికి, సేనానికి అతను తన బక్క ఒంటిని తొడిగాడు. ఆ వేషాలన్నీ వదులైపోయి అతని మీద వేలాడుతుంటాయి. చూసేవాడికి ముందు నవ్వొస్తుంది. తర్వాత అసలు వేషం మీదే అనుమానమొస్తుంది.

ఇవన్నీ గొప్ప సినిమాలని నేను అనడం లేదు. చాలాచోట్ల విసుగు పుడుతుంది. ఒకే పని పది నిమిషాలు జరుగుతుంటే చెయ్యి రిమోట్ మీదికి పోతుంది. ఈ సినిమాలు తీసినవాళ్ళు, మెచ్చుకున్నవాళ్ళు, విసుగే మా పద్ధతి అని సర్దిచెప్పిన మాటలు కూడా నాకు పూర్తిగా మింగుడుపడలేదు. కొన్నిచోట్ల అది పద్ధతి, కొన్నిచోట్ల బద్ధకం. మీడ్ ఫ్రేములో ఉన్నంతసేపు మాత్రం ఆ తేడా నేను పట్టించుకోను.

రాన్ రైస్ సంగతి సగంలో వదిలేశాను. ‘ఫ్లవర్ థీఫ్’ తర్వాత అతను మీడ్‌తోనే ఇంకో సినిమా మొదలుపెట్టాడు, ‘ద క్వీన్ ఆఫ్ షీబా మీట్స్ ద ఆటమ్ మ్యాన్’. షీబా రాణిగా వినిఫ్రెడ్ బ్రయన్ అనే భారీ విగ్రహం గల నల్లజాతి స్త్రీ, ఆటమ్ మ్యాన్‌గా మన బక్కపలచటి మీడ్. సినిమా పూర్తి కాకుండానే రైస్ మెక్సికో వెళ్ళి, 1964 డిసెంబరులో న్యుమోనియాతో చనిపోయాడు. ఇరవై తొమ్మిదేళ్ళు. రీళ్ళు అలాగే ఉండిపోయాయి. వాటిని కూర్చి, ఒక రూపం తెచ్చి, పూర్తి చేసింది మీడే. 1982లో. నేస్తం పోయిన పద్దెనిమిదేళ్ళకు, ఎవరూ అడగని, పైసా రాని ఆ పనికి కూర్చున్నాడు. పనీ పాటూ లేనివాడు అని ఇందాక అన్నాను కదా, ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను.

ఇంతసేపూ అతను, అతను అన్నాను. ఇక వయసు మీదపడింది కాబట్టి ఆయన అంటాను.

న్యూయార్క్ దిగువ తూర్పు పేటలో లడ్లో స్ట్రీట్ అని ఉంది. ఒకప్పుడు వలస వచ్చిన పేదల ఇరుకు ఇళ్ళు, తర్వాత కళాకారుల అడ్డా, ఇప్పుడు బార్లూ అద్దాల మేడలూ. అక్కడ ఒక చిన్న ఇంట్లో ఆయన ముప్పై ఏళ్ళకు పైగా ఉన్నారు. అద్దె పెంచకుండా చట్టం కాపాడే పాతకాలపు వాటా. గది నిండా బొమ్మలు, పాత పత్రికలు, కాగితాలు, కాలు పెట్టే చోటుండేది కాదు. రాత్రయితే సంచిలో పిల్లుల తిండి పెట్టుకుని బయల్దేరేవారు. ఆ పేటలో ఇళ్ళ మధ్య ఒక పాత శ్మశానం ఉంది. దాని చువ్వల దగ్గరికి ఊరపిల్లులు చేరేవి. ఎనభై దాటాక కూడా ఈ పని మానలేదు. మిగతా సాయంత్రాల్లో బవరీ పొయెట్రీ క్లబ్‌లో కవితలు చదివేవారు. పక్కన చిన్న టేప్ రికార్డర్‌లో చార్లెస్ మింగస్ జాజ్ మోగుతుంటే, దాని మీద ఆయన గొణుగుడు. తిట్లు, ముచ్చట్లు, కవితలు, ఏది ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో తెలియదు. 2005లో విలియం కిర్‌క్లీ ఆయన మీద ‘ఎక్స్‌కవేటింగ్ టేలర్ మీడ్’ అని డాక్యుమెంటరీ తీశాడు. తవ్వి తియ్యడమని అర్థం. ఆ గది చూస్తే పేరు సరిగ్గానే పెట్టారనిపిస్తుంది.

చివరికి ఇల్లు చేతులు మారింది. కొత్త యజమాని మరమ్మతులు మొదలుపెట్టాడు. ఎనభై ఎనిమిదేళ్ళ మనిషి చుట్టూ గోడలు కొడుతున్న చప్పుడు, దుమ్ము. ఆ సంగతి పత్రికల్లో కూడా వచ్చింది. ఒక ఒప్పందం కుదిరి, 2013 ఏప్రిల్లో ఆయన ఇల్లు ఖాళీ చేసి కొలరాడోలో బంధువుల దగ్గరికి వెళ్ళారు. నెల తిరిగేసరికి, మే 8న, డెన్వర్‌లో పక్షవాతం వచ్చి పోయారు.

నేను ఆయన్ని మొదట చూసింది మాత్రం ఇవేవీ తెలియకుండానే. ఒక మిత్రుడు ఇచ్చిన డీవీడీ, జిమ్ జార్ముష్ 2003లో తెచ్చిన ‘కాఫీ అండ్ సిగరెట్స్’. పదకొండు చిన్న కథలు, అన్నిట్లోనూ ఇద్దరో ముగ్గురో బల్ల దగ్గర కూర్చుని కాఫీ తాగుతూ ఏదో మాట్లాడుకోవడమే. పెద్ద పెద్ద నటులున్నారు. చివరి ముక్క పేరు ‘షాంపేన్’. నలుపు తెలుపు. చీకటిగా, పెద్దగా, ఖాళీగా ఉన్న ఒక గది. పనిలో కాసేపు విరామం దొరికిన ఇద్దరు ముసలివాళ్ళు. ఒకాయన బిల్ రైస్, చిత్రకారుడు, నటుడు, మన రాన్ రైస్ కాదు. రెండో ఆయన మీడ్. చేతుల్లో కాగితం కప్పులు.

మీడ్‌కు లోకం మీద పట్టు తప్పిపోతున్నట్టుంది. సంగీతకర్త మాలర్ పాట ఒకటి గుర్తొస్తుంది ఆయనకు, లోకంతో తెగతెంపులు చేసుకున్న మనిషి పాడే పాట. చెవి దగ్గర చెయ్యి పెట్టుకుంటారు. ఎక్కడినుంచో, ఆ గోడల్లోంచి వస్తున్నట్టు, సన్నగా ఆ పాట వినిపిస్తుంది. రెండో ఆయన కూడా వింటాడు. కాసేపటికి ఆగిపోతుంది. ఎవరూ దాని గురించి వివరణ ఇవ్వరు. తర్వాత మీడ్, ఈ కాఫీని షాంపేన్ అనుకుందాం అంటారు. ఎందుకు అని అడుగుతాడు రెండో ఆయన, పని చేసుకునేవాడి గొంతుతో. మీడ్ 1920ల పారిస్‌కు అని కప్పు ఎత్తుతారు. రెండో ఆయన 1970ల చివరి న్యూయార్క్‌కు అని ఎత్తుతాడు. ఆ కాఫీ మహా ఘోరంగా ఉందని ఇద్దరి మొహాలూ చెబుతుంటాయి.

ఆ వాలిన కంటిరెప్ప చూసి, ఈ ముసలాయన ఎవరబ్బా అని ఆ రాత్రి నేను వెతకడం మొదలుపెట్టాను. అలా వెనక్కి వెళ్ళి వెళ్ళి పువ్వు దొంగ దగ్గర తేలాను. నలభై ఏళ్ళ తేడాతో రెండు మొహాలు. ఒక కన్ను నిద్రలో, ఒక కన్ను మెలకువలో. మధ్యలో ఏం మారిందంటే, అప్పుడు చేతులు గోడను, పువ్వును తడిమేవి, ఇప్పుడు ఖాళీ కప్పు అంచును తడుముతున్నాయి.

కాసేపు కునుకు తీస్తానంటారు మీడ్. విరామం ఇంకా రెండు నిమిషాలే ఉంది అంటాడు రెండో ఆయన. మీడ్ అప్పటికే కళ్ళు మూసుకున్నారు. టేలర్, అని పిలుస్తాడు. పలకరు. ఇంకోసారి చూస్తాడు. వాచీ చూసుకోడు, లేపడు, అలాగే కూర్చుంటాడు. బొమ్మ అక్కడ ఆగిపోతుంది.

నాకిచ్చిన సమయం కూడా అయిపోవచ్చింది. సెలవు.